పడుగు అతికే చెయ్యి

పడుగు అతికే పిల్లా, నీ వేలి బూడిదేదే,
పోగు పోగుకీ నువ్వు చెప్పిన ఊసేదే...

మూడో పాదం ఎంత తలచుకున్నా రావడం లేదు. నా చిన్నప్పుడు మగ్గాల దగ్గర ఆడవాళ్లు పాడేవారు. మగ్గం మీద పాత పడుగు, అంటే నిలువు పోగుల వరస, అయిపోవచ్చినప్పుడు దాని కొసలకి కొత్త పడుగును పోగు పోగూ కలిపి, వేళ్లకి బూడిద అద్దుకుని మెలిపెట్టాలి. వేల పోగులు. ఒక్కటి తారుమారైనా చీర పొడుగునా తెలిసిపోతుంది. అందుకే ఆ పనికి మావాళ్లు తెలిసిన చేతినే పిలుస్తారు.

మా వీధిలో భావనారాయణ మాస్టారు చీర అంచుల డిజైన్లు కంప్యూటర్ మీద గీయడం నేర్పుతారు. అడిగినదానికి తిన్నగా జవాబు చెప్పే అలవాటు ఆయనకి లేదు. అరవై దాటాక అక్షరాలు దిద్దుకున్నదాన్ని, కండెలు చుట్టడం అయ్యాక నేనూ వెళ్లి వెనక బల్ల మీద కూర్చునేదాన్ని.

ఒక మధ్యాహ్నం, ఆయన దగ్గర నేర్చుకునే వనజ ఆయన్ని ఒక మాట అడిగింది. చనిపోయిన తన అత్తగారు జన్మంతా గీసిన అంచులన్నీ ఆ పిల్ల కంప్యూటర్లోకి ఎక్కించుకుంది. కాగితాలు చెదలు తినేశాయి. ఇక ఆ గీతలు ఉన్నది ఆ ఒక్క కంప్యూటర్లోనే.

"మాస్టారూ, మా మరిది పెన్‌డ్రైవ్‌లో డిజైన్ల సాఫ్ట్‌వేర్ తెచ్చాడు. కంపెనీ వేసిన తాళం ఎవరో తీసేశారట. అచ్చం అసలుదే. వేసేముందు యాంటీవైరస్ ఒక్కటి ఆపెయ్యమన్నాడు. సాయంత్రం వేసుకుంటాను, తప్పేంటి?"

మాస్టారు కళ్లజోడు తుడుచుకున్నారు. "నీ మగ్గం మీద పడుగు అయిపోయిందన్నావు?"

"నిన్ననే."

"పొద్దున బస్టాండులో కలిసిన ఒకాయన, ఇందాక నువ్వు తెరలో మునిగి ఉండగా వచ్చాడు. ఊరికే అతికిపెడతానన్నాడు. నువ్వు నా బల్ల మీద పెట్టిన ఇంటి తాళంచెవి ఇచ్చి పంపాను. కుక్క ఉంది, ముందు దాన్ని కట్టేసుకోమని కూడా చెప్పాను."

వనజ గభాల్న లేచింది. "ఎవరాయన? పేరేంటి?"

"అడగలేదు. ఊరికే చేస్తున్నాడు కదా."

"మీకేమైనా మతి పోయిందా మాస్టారూ! మా అత్తగారి డిజైన్లన్నీ ఇంట్లోనే ఉన్నాయి!" అంటూ ఒక కాలికి తన చెప్పు, ఇంకో కాలికి నా చెప్పు వేసుకుని గుమ్మందాకా పరుగెత్తింది.

మాస్టారు గుప్పిట విప్పారు. తాళంచెవి అందులోనే ఉంది.

వనజ గుమ్మంలోనే కూలబడింది. కళ్లు తుడుచుకుంటూ నవ్వింది. "కుక్కని కూడా కట్టేయించారా! ఆ పెన్‌డ్రైవ్ పెట్టనులెండి. మరి ఇప్పుడు నా పని ఎలా సాగాలి? మన నేత సంఘంవాళ్లు డబ్బు కట్టి అసలుది కొనేదాకా ఆగనా?"

ఆయన తన కంప్యూటర్లో ఇంకో సాఫ్ట్‌వేర్ తెరిచారు. అదీ ఊరికే వచ్చేదే. కానీ చేసినవాళ్లే తీసుకోండి, వాడుకోండి, పదిమందికీ పంచండి అని రాసిపెట్టి ఇచ్చారట. దాని లోపలి అల్లికని, పని తెలిసినవాళ్లు ఎవరైనా విప్పి చూసుకోవచ్చట.

"ఇందులో జరీ మెరుపు అంత బాగా రాదు," అని గొణిగింది వనజ.

"రాదు," అని ఒప్పుకున్నారు మాస్టారు.

అయినా వారం రోజులు కూర్చుని అత్తగారి అంచులన్నీ అందులోకి తెచ్చుకుంది. ఇంకో నకలు తీసి మాస్టారి దగ్గర దాచింది. ఆఖరి అంచు తెర మీద విచ్చుకున్న రోజు నేనూ దగ్గరికెళ్లి చూశాను. ఆ సాఫ్ట్‌వేర్ చేసినవాళ్ల పేర్లు మాస్టారు కిందికి జరుపుతూ పోయారు. ఎంతకీ అయిపోలేదు. ఏ దేశాలవాళ్లో, ఒకరి ముఖం ఒకరు చూసి ఉండరు. తెలుగులోకి మార్చినవాళ్ల పేర్లు నేనే కూడబలుక్కుని చదివాను. ఇంతమంది కలిసి ఒక్క పడుగు అతికారా అనిపించింది.

తెర మీద ఒక్క మీటకి మాత్రం పేరు ఇంకా ఇంగ్లీషులోనే ఉంది. ఒక పువ్వు గీసి అది నొక్కితే అంచు పొడుగునా అదే పువ్వు నడుస్తుంది.

"దీన్ని మా ఇంట్లో వరసపువ్వు అనేవాళ్లం," అన్నాను.

మాస్టారు ఆ తెలుగు చేసేవాళ్లకి కొత్త మాటలు పంపే పేజీ తెరిచి, కుర్చీలోంచి లేచి, కీబోర్డు నా వైపు జరిపారు.

"మీరే కొట్టండి పెద్దమ్మా. వాళ్లు కనిపెట్టుకుని ఉన్నారు."