పోచయ్య మెట్లెక్కిన సాయంత్రం

లాలాగూడలో నతానియేలు మాస్టారి దగ్గర డబుల్ బాస్ నేర్చుకునేవాళ్లం ముగ్గురమే. మనిషికంటే ఎత్తుగా నిలబడే ఆ తీగల వాద్యాన్ని ఒక చేత్తో పట్టుకుని ఆయన మా ప్రశ్నలు చివరిదాకా వినేవారు. సమాధానం మాత్రం సూటిగా చెప్పేవారు కాదు.

ఒక ఆదివారం మాలో ఒకరైన వారిజ కళ్లెర్రజేసుకుని వచ్చింది. ముందురోజు ఒక కాలేజీ ఉత్సవంలో ఆమె వాయిస్తుండగానే, జనం విసుక్కుంటున్నారని నిర్వాహకులు మైకు కట్టేశారు. తీగలమీద లాగే కమానును బల్లమీద పడేసి, కూర్చోకుండానే అడిగింది.

"మాస్టారూ, కోపంతో వాయించవచ్చా, కూడదా? ఒక్క మాటలో చెప్పండి."

మాస్టారు ఒక్క మాటలో చెప్పలేదు. తన నలభై రెండో ఏట జరిగిన సంగతి చెప్పారు. గుర్తున్నంతలో రాస్తున్నాను.

మొదట్లో పన్నెండేళ్లపాటు ఆయన ఇతరుల పాటలకు అడుగున ఉండి వాయించారు. మొదట రైల్వే క్లబ్బులో డాన్సులకు, తర్వాత మద్రాసులో సినిమా రికార్డింగులకు. "బాస్ వినిపించకూడదయ్యా, ఉన్నట్టు తెలిస్తే చాలు" అనేవారట అక్కడ. ఆ మాట పడీ పడీ, ఒకనాడు మద్రాసు వదిలేసి వచ్చి ఫ్రీ జాజ్ పట్టుకున్నారు. అందులో ముందే రాసుకున్న బాణీ ఉండదు, కట్టుబడాల్సిన తాళమూ ఉండదు. పక్కవాడు వాయించేది విని అప్పటికప్పుడు బదులు పుట్టించాలి. మాస్టారు తీగల్ని మీటడంతో ఆగేవారు కాదు. కమాను కర్రతో కొట్టేవారు, అరచేత్తో చెక్కను చరిచేవారు, లావుపాటి తీగను లాగి వదిలి ఫెళ్లుమనిపించేవారు. ఆ వాయింపుకు ఆయనకు దొరికిన సరిజోడు ఘట్‌కేసర్ దగ్గరి పల్లె నుంచి వచ్చిన డప్పు కళాకారుడు పోచయ్య. ఎనిమిదేళ్లు కలిసి వాయించారు. వినడానికి వచ్చినవాళ్లు ఏనాడూ ఇరవై మందికి మించలేదు.

అలాంటివాళ్లను నగరంలో పేరున్న ఒక సంగీత సభ పిలిచింది. హాలు నిండింది. మొదలుపెట్టబోయే ముందు కార్యదర్శి వచ్చి ఎంతో మర్యాదగా అన్నాడు.

"నతానియేలు గారూ, తమరు పైన. ఆయన డప్పు పట్టుకుని కింద నిలబడితే మా సభ్యులకు ఇబ్బంది ఉండదు. మోత ఎక్కణ్నుంచైనా వినిపిస్తుంది కదండీ."

పోచయ్య మాస్టారి ముఖం వైపు చూశాడు.

మాస్టారికి ఒళ్లు మండిపోయింది. అయినా వెనక్కి తిరగలేదు. "పద పోచయ్యా, వాయించే బుద్ధి చెబుదాం" అని తను వేదిక ఎక్కారు. పోచయ్య ముందువరుస కుర్చీల పక్కన నేలమీద నిలబడ్డాడు.

ముప్పావుగంట మాస్టారు పూనకం వచ్చినట్టు వాయించారు. కమాను వెంట్రుకలు తెగి వేలాడాయి. ఒక తీగ తెగిపోయింది. వేలి చర్మం లేచి రక్తం వచ్చింది. ఆయన ఆపగానే హాలు హాలంతా లేచి నిలబడింది. కార్యదర్శి పరుగున వచ్చి మెడలో దండ వేశాడు.

"ఏం ఆవేశమండీ! ఇలాంటి కోపం మా సభలో ఎవరూ వినిపించలేదు."

విరామంలో వెనక గదిలో పోచయ్య మంచినీళ్లు కూడా ముట్టుకోలేదు.

"అన్నా, అవమానమైంది నాకు. కోపమంత నువ్వే కొట్టుకున్నవ్. నా దెబ్బ ఒక్కటన్న వినబడ్డదా? నాకు సందు ఏడ ఇచ్చినవ్?"

కార్యదర్శి వేదికమీద చోటివ్వలేదు. సంగీతంలో ఉన్న చోటంతా మాస్టారే ఆక్రమించుకున్నారు. అంతసేపూ కార్యదర్శి మీద మండిన మంట ఒక్కసారిగా తనమీదికి తిరిగిందనీ, అది ఇప్పటికీ చల్లారలేదనీ అన్నారు మాస్టారు.

రెండో సగంలో ఆయన అన్నిటికంటే లావుపాటి తీగమీద కమాను ఆనించి ఒకే ఒక్క స్వరం పట్టారు. పెంచలేదు, తగ్గించలేదు. పోచయ్య చాలాసేపు విన్నాడు. ఒక దెబ్బ వేశాడు. ఆగాడు. ఇంకొకటి వేశాడు. తర్వాత వాయిస్తూనే నడిచి, మెట్లెక్కి, వేదిక నడిమధ్యకు వచ్చి నిలబడ్డాడు. "దించండి వాణ్ని!" అని ముందువరుసలో ఎవరో కేకేశారు. కార్యదర్శి పక్కనుంచి చేతులూపాడు. మాస్టారి చేతులు బాస్‌ను బద్దలు కొట్టాలన్నంతగా తహతహలాడాయి. కానీ స్వరం చెక్కుచెదరలేదు. తన జీవితంలో అంత కష్టపడి వాయించింది లేదన్నారు. దానిమీద పోచయ్య తనకు కావలసినంతసేపు, కావలసినంత గట్టిగా కొట్టాడు. వరుసలకు వరుసలే లేచిపోయాయి. చివరికి తొమ్మిదిమంది మిగిలారు. ఆ తర్వాత పదకొండేళ్లపాటు వాళ్లిద్దరినీ ఏ సభా పిలవలేదు.

మాస్టారు చెప్పడం ఆపారు. వారిజ కోపం ఇంకా దిగలేదు.

"అయితే మొదటి సగంలో మీరు చేసింది తప్పంటారా?"

మాస్టారు బల్లమీది కమాను తీసి ఆమె చేతికిచ్చారు.

"మొదటి సగానికి లేచి చప్పట్లు కొట్టారు. రెండో సగానికి లేచి వెళ్లిపోయారు. కోపం వాళ్లకు ఎప్పుడు తగిలిందో నువ్వే చెప్పు."