గుండు పడని చోటు

పీతలదిబ్బ దీవిలో ఉన్నవల్లా నలభై జాలరి గుడిసెలు. ఆ దీవి కొసన ఎర్రజెండా పాతించి, ఓడల మీంచి దానికి ఫిరంగులు గురిపెట్టడం తన సైనికులకు నేర్పిస్తున్నాడు దళవాయి వీరభల్లుడు. జాలర్లు వెళ్లి మొరపెట్టుకుంటే, "మావాళ్ల గురి తప్పదు, పొండి!" అని గదిమాడు.

ఆర్నెల్లయ్యాక ఆ సాధన చూడ్డానికి రాజుగారే ఓడెక్కి వచ్చారు. చూద్దురు కదా, జెండా చుట్టూ ఊరు ఊరంతా చేరి కూర్చుంది! మసేనమ్మ అనే చేపలమ్ముకునే ఆవిడ ఆ జెండాకర్రకే దండెం కట్టి చేపలు ఆరేస్తోంది!

రాజుగారూ దళవాయీ హడావిడిగా పడవలో ఒడ్డుకొచ్చారు.

"లేవండి, చస్తారు!" అని అరిచాడు దళవాయి.

"చావకూడదనే ఇక్కడికొచ్చాం బాబూ," అంది మసేనమ్మ. "మీ గుండ్లు మా ఇంటికప్పుల మీద పడ్డాయి, మంచినీళ్ల బావిలో పడ్డాయి, నిన్న నా మనవరాలి ఉయ్యాల పక్కనే పడ్డాయి. ఆర్నెల్లుగా ఒక్కటీ పడని చోటంటూ ఉంటే, అది ఈ జెండా కిందే!"

రాజుగారికి నవ్వాగలేదు. "మరి మావాళ్లు గురి ఎక్కడ నేర్చుకోవాలమ్మా?"

"ఈ జెండా తమరి కోట మీద పాతించండి మారాజా! కోటకి చీమంత దెబ్బ తగలదు, నాదీ పూచీ. పక్కింటివాళ్ల సంగతే నేను చెప్పలేను."

కోట పక్కిల్లు దళవాయి కొత్తగా కట్టించుకున్న మేడ. "బాగుందే!" అంటూ రాజుగారు అటు తిరిగేసరికి, దళవాయి అప్పటికే జెండా పీకి చంకన పెట్టుకున్నాడు.

"ప్రభూ, మనవాళ్లకి సాధన చాలింది!"