ముళ్లపంది అప్పీలు

అనగనగా ఒక అడవిలో, వేసవి రాగానే ఎండిపోయే వాగు ఒడ్డున, జంతువులు ఓట్లేసి ఒక ముళ్లపందిని సర్పంచిగా గెలిపించాయి. దాని పేరు పోలమ్మ. నవ్వకండర్రా! ఒంటి నిండా ముళ్లుంటేనేం, మనసు వెన్న.

ఆ ఏడు ఎండలు మండిపోయాయి. పోలమ్మ వాగు ఇసుకలో చెలమ తవ్వించింది. ఇసుకలో గుంట తీస్తే అడుగు నుంచి నీరు ఊరుతుంది, అదే చెలమ. అందరూ ఒక్కసారే దిగి తొక్కితే ఇసుక జారి పూడిపోతుంది. అందుకని పోలమ్మ చుట్టూ ముళ్లకంప వేయించింది. "పొద్దునా సాయంత్రం వంతులవారీగా తాగండి. మధ్యలో నీటిని ఊరనివ్వండి" అంది.

ఉపసర్పంచి నక్కకు ఎప్పటినుంచో సర్పంచి పదవి మీద కన్ను. అడవి అధికారి చిరుతపులి దగ్గరికి పరుగెత్తింది.

"దొరా! పోలమ్మ ఊరి నీళ్లకు కంచె వేసి తనొక్కతే తాగుతోంది" అని చాడీ చెప్పింది.

చిరుత ముందూ వెనకా చూడలేదు. "పోలమ్మను తీసేశాను. ఇక నువ్వే సర్పంచివి" అంది.

నక్క వెంటనే కంప పీకించింది. దాహంతో ఉన్న జంతువులు ఎగబడ్డాయి. పొద్దు వాలేసరికి చెలమలో బురదే మిగిలింది.

పోలమ్మ కడుపు రగిలిపోయింది. పదవి పోయిందని కొంత, పిల్లలు బురద నాకుతున్నారని ఇంకెంతో. చిరుత తప్పు చేస్తే అప్పీలు వినేది కొండ మీది ఏనుగు. అక్కడికి ఒక సాక్షిని తీసుకెళ్లాలి.

నెమలిని అడిగింది. "చిరుతతో మనకెందుకమ్మా?" అంది నెమలి.

కోతిని అడిగింది. "రేపు చూద్దాంలే" అని కొమ్మ మారిపోయింది కోతి.

పోలమ్మ దిగులుగా కూర్చుంటే అడవిదున్న గంగులు వచ్చాడు. ఎన్నికల్లో ఆమె మీద నిలబడి ఓడిపోయింది ఆయనే.

"పద, నేనొస్తా" అన్నాడు.

"నువ్వా అన్నా?"

"నీకు నేను ఓటెయ్యలేదు. అయినా గెలిచింది నువ్వే కదా!"

పోలమ్మ కళ్లు చెమర్చాయి.

కొండ మీద ఏనుగు చిరుతను పిలిపించింది. "కంచె ఎందుకు వేశావని నువ్వు అడిగితే పోలమ్మ ఏమంది?" అని అడిగింది.

"ఆమెనేం అడగలేదు. నక్క చెప్పింది చాలనుకున్నాను" అంది చిరుత.

"అయ్యా, ఈమె పదవి పోతే నాకే లాభం" అన్నాడు గంగులు. "కానీ నా కళ్లతో చూశాను. కంచె ఉన్నన్నాళ్లూ నా దూడలు తేట నీళ్లు తాగాయి. ఈమె తన వంతు అందరికన్నా చివర పెట్టుకుంది."

ఏనుగు చెవులు విదిల్చింది. "ఊరు గెలిపించినదాన్ని, సంజాయిషీ అయినా అడగకుండా దించుతావా? ఈ తొలగింపు చెల్లదు. పోలమ్మే సర్పంచి" అంది. చిరుత తల దించుకుంది.

దారిలో పోలమ్మ అంది, "అన్నా, నీ రుణం ఎలా తీర్చుకోను?"

"తీర్చకు. వచ్చే ఎన్నికల్లో మళ్లీ నీ మీదే నిలబడతాను" అని పకపకా నవ్వాడు గంగులు.

ఏనుగు తీర్పు అప్పటికే అందరికీ తెలిసిపోయి, వాగు దగ్గర గోలగోలగా ఉంది. "నక్కను అడవి నుంచి తరిమెయ్యాలి!" అని అరుస్తున్నాయి జంతువులన్నీ. గొంతు చించుకుంటున్నది ఎవరనుకున్నారు? నెమలీ కోతీనే! నక్క వణికిపోతోంది.

"ఊఁ" అంటే చాలు, పోలమ్మ పగ తీరిపోతుంది. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది కూడా. కానీ తనకోసం కొండెక్కిన గంగులు పక్కనే ఉన్నాడు. ఆయన చేసిన మేలు గుర్తున్నవాళ్లు ఆ మాట ఎలా అంటారు?

"ఆగండి" అంది పోలమ్మ. "ముందు నక్క చెప్పుకునేది విందాం."

నక్క బిత్తరపోయింది. తననూ అడుగుతారని అది కలలో కూడా అనుకోలేదు. "పదవి మీద ఆశతో అబద్ధమాడాను. తప్పయిపోయింది" అని భోరుమంది. ఎవరూ చెప్పకుండానే చెలమలోకి దిగి, బురద ఎత్తిపోయడం మొదలుపెట్టింది.

నీతి: ఎదుటివాళ్ల మాట వినకుండా వేసే శిక్ష న్యాయం కాదు. మనకు దొరికిన న్యాయాన్ని మనకు కీడు చేసినవాళ్లకూ అందించడమే, మేలు చేసినవాళ్లకు మనం చెప్పే నిజమైన కృతజ్ఞత.