అల్లుడుగారి సూదంటురాయి, నూతిలో తాళంచెవి

వెదుళ్ళపాలెంలో తాతారావు గారి ఇల్లంటే తెలివికి పెట్టింది పేరు. ఈ మాట ఊళ్ళోవాళ్ళు ఎప్పుడూ అనలేదు గానీ, తాతారావు భార్య మంగాయమ్మ మాత్రం రోజూ అనుకునేది.

"లోకంలో జనం ఒకటి చెబితే ఇంకోటి చేస్తారే. మనింట్లో ఆ రోగం లేదు. ఏది చెబితే అది, ఎంత చెబితే అంత," అనేది పెద్దకోడలు కనకరత్నంతో.

కనకరత్నం కాపురానికొచ్చిన కొత్తలో మంగాయమ్మ, "పాలు పొయ్యి మీదున్నాయి, చూస్తూ ఉండు," అని చెప్పి గుడికెళ్ళింది. కోడలు రెప్ప వెయ్యకుండా చూసింది. పొంగుతుంటే చూసింది. పొర్లి పొయ్యి ఆరిపోతుంటే అదీ చూసింది. మంగాయమ్మ తిరిగొచ్చి, ఒట్టి గిన్నె ముందు బుద్ధిగా కూర్చున్న కోడల్ని చూసి, "నువ్వు మనింటి పిల్లవేనమ్మా," అని మెటికలు విరిచింది.

ఇంత తెలివైన ఇంట్లో చిన్నకొడుకు అబ్బులికి మాత్రం పెళ్ళి కుదరలేదు. వచ్చిన సంబంధాలవాళ్ళు ఓ పూట కూర్చుని, కాఫీ తాగి, కబురు చేస్తామని వెళ్ళి ఆ కబురే మరిచిపోయేవారు. ఆఖరికి కాలవ అవతల కొత్తలంక నుంచి వీరాస్వామి గారు తన కూతురు సుభద్రనిస్తానన్నారు.

"ముహూర్తం మిట్టమధ్యాహ్నం. ఆ మర్నాటి నుంచి మూఢం. ఆ వేళ దాటిందంటే మేము ఇంకో సంబంధం చూసుకుంటాం," అన్నారాయన.

ఆ మాట మంగాయమ్మ గుండెలో ముల్లులా దిగబడింది. ఈ పిల్ల కూడా తప్పిపోతే అబ్బులు ముసలాడైపోతాడని ఆవిడ బెంగ.

పెళ్ళిరోజు పొద్దున్నే ఇంటి ముందు పందిట్లో అబ్బుల్ని పెళ్ళికొడుకుని చేశారు. పెళ్ళి కొత్తలంకలో. ముందుగా అక్కడికి వెళ్తూ పంతులుగారు, "వ్యాను వచ్చేదాకా పిల్లాణ్ణి గడప దాటనివ్వకండి," అన్నారు.

అంతే, అబ్బుల్ని గదిలో కూర్చోబెట్టి బయట తాళం వేసేశారు. తాతారావు ఆ ఇనప తాళంచెవి పెద్దకొడుకు భూషణం చేతిలో పెట్టి, "పెళ్ళివారిల్లురా, వచ్చేపోయే జనం. ఎవరి చేతికీ అందని చోట పెట్టు," అన్నాడు.

భూషణం ఇల్లంతా వెతికాడు. అటక నిచ్చెనేస్తే అందుతుంది. దూలం బల్ల ఎక్కితే అందుతుంది. దొడ్లోకెళ్ళి నూతిలోకి చెయ్యి చాపి చూశాడు. అందలేదు. ఇంకేముంది, తాళంచెవి నూతిలో వేసి చేతులు దులుపుకున్నాడు.

కాసేపటికి వ్యాను వచ్చి హారన్ కొట్టింది.

"తాళంచెవి తేరా," అన్నాడు తాతారావు.

"అందదు నాన్నా."

"ఎందుకందదు?"

"మీరు అందని చోట పెట్టమన్నారు. నూతిలో పెట్టాను. కావాలంటే మీరూ చెయ్యి పెట్టి చూసుకోండి."

తాతారావు వెళ్ళి చెయ్యి పెట్టి చూసి, "నిజమే, అందట్లేదు. భేష్," అని కొడుకు వీపు తట్టాడు. తర్వాత ఇద్దరి మొహాలూ నెమ్మదిగా పాలిపోయాయి.

తాళం పగలగొడదామన్నాడు వ్యాను డ్రైవరు. మంగాయమ్మ చెవులు మూసుకుంది. "శుభమా అని పెళ్ళి జరుగుతుంటే ఇంట్లో పగలగొట్టడమా? ఆ మాట మళ్ళీ అనకు బాబూ." కిటికీ దగ్గరకెళ్ళి, "అబ్బులూ, గడప దాటలేదు కదా నాన్నా?" అని అడిగింది.

"లేదమ్మా. తలుపు కూడా దాటలేదు," అన్నాడు లోపల్నుంచి అబ్బులు.

"నా తండ్రే," అని కొంగుతో కళ్ళొత్తుకుంది.

ఆ టైముకి అల్లుడు సత్తిపండు వచ్చాడు. టౌన్లో మోటార్లకి తీగ చుట్టే పని అతనిది. సంగతి విని, బండి డిక్కీలోంచి పాత మైకు తాలూకు నల్లటి బిళ్ళ తీశాడు.

"సూదంటురాయి అత్తయ్యగారూ. తాడు కట్టి నూతిలోకి దింపితే తాళంచెవి వచ్చి అతుక్కుంటుంది."

"చేతులు లేవు కదా బాబూ, ఎలా లాగుతుంది?" అంది మంగాయమ్మ.

తన పని గురించి అడిగితే సత్తిపండుకి మహా సరదా. "ఇనుములో కంటికి కనపడని రవ్వలుంటాయండి. ప్రతి రవ్వా ఓ బుల్లి సూదంటురాయే. మామూలు ఇనుములో ఒకటి ఇటు చూస్తే ఒకటి అటు చూస్తుంది. ఎవరి లాగుడు వాళ్ళదే, మొత్తానికి ఏమీ మిగలదు. ఈ బిళ్ళలో మాత్రం రవ్వలన్నీ ఒకే దిక్కుకి తిరిగుంటాయి. బలాలన్నీ కలిసి చుట్టూరా పరుచుకుంటాయి. కనపడదు గానీ గాల్లోంచీ, నీళ్ళలోంచీ కూడా లాగేస్తుంది."

"అసలా బలం ఎక్కడ పుడుతుంది బావా?" అన్నాడు భూషణం.

"కరెంటు తిరిగితే పుడుతుంది. ఆ రవ్వల్లో కూడా ఏదో ఒకటి గిరగిరా తిరుగుతూనే ఉంటుందట. మేము చేసేదీ అదే. ఇనుము చుట్టూ తీగ చుట్టి, అందులో కరెంటు తిప్పామంటే ఉత్త మేకు కూడా సూదంటురాయి అయిపోతుంది. తిరగడం ఆగిందా, మళ్ళీ ఉత్త మేకే. సరే, ముహూర్తం ముంచుకొస్తోంది. నేను ముందెళ్ళి కొత్తలంకవాళ్ళకి సర్దిచెబుతాను. మీరు తాళంచెవి తీసి బయల్దేరండి. బిళ్ళని కింద పడేయకండి, దెబ్బలు తింటే రవ్వలు చెదిరి బలం పోతుంది," అని బండెక్కి వెళ్ళిపోయాడు.

భూషణం బిళ్ళకి తాడు కట్టి నూతి దగ్గరకి తెచ్చాడో లేదో, అది టక్కుమని ఇనప గిలకకి అతుక్కుంది.

"అది గిలకని చూసిందిరా. కళ్ళకి గంతలు కట్టు," అంది మంగాయమ్మ.

తువ్వాలు చుట్టారు. అయినా గిలకనే పట్టుకుంది.

"తువ్వాల్లోంచి దొంగచూపులు చూస్తోంది," అంది కనకరత్నం. "అలా చూడకు, ఆడపిల్లలున్న ఇల్లు," అని బిళ్ళని కసిరింది.

భూషణం కాలు గట్టుకి తన్నిపెట్టి బలమంతా పెట్టి లాగాడు. బిళ్ళ ఊడింది, చేతిలోంచి జారింది, నూతి గట్టు మీద పడి రెండు ముక్కలైంది.

"పోయింది. రవ్వలు చెదిరిపోయాయి. నా కొడుకు పెళ్ళి చెదిరిపోయింది," అని మంగాయమ్మ చతికిలబడింది.

అలా కూర్చున్నావిడ చుట్టూ చూసింది. దొడ్డి నిండా చుట్టాలు. ఒకాయన కొబ్బరిచెట్టుకేసి చూస్తున్నాడు, ఒకావిడ వంటలకేసి చూస్తోంది, తాతారావు నేలకేసి చూస్తున్నాడు. మంగాయమ్మకి మెరుపులా తట్టింది.

"లేవండి. ఇంతమంది ఉండి తలోదిక్కూ చూస్తుంటే లాగుడు ఎలా పుడుతుంది? అందరూ ఒకే దిక్కుకి తిరగండి."

అంతే, చుట్టాలంతా తూర్పుకి తిరిగారు. వ్యాను డ్రైవర్ని కూడా భుజం పట్టి తిప్పారు. తాతారావు నూతిలోకి తొంగి చూశాడు.

"రాలేదే."

"మీరు కిందకి చూస్తున్నారు. చెడగొడుతున్నది మీరే," అంది మంగాయమ్మ.

ఆయన కూడా తూర్పుకి తిరిగాడు. ఇప్పుడు తాళంచెవి వచ్చిందో లేదో చూసేవాళ్ళే లేరు.

"ఇలా కాదత్తా," అంది కనకరత్నం. "మేకు కావాలని కదా అన్నయ్యగారు చెప్పింది. మా ఆయన మేకులాగే ఉంటాడు."

భూషణం నిజంగానే సన్నగా, పొడుగ్గా, తల ఒక్కటే గుండ్రంగా ఉంటాడు. ఇంకేముంది, బట్టలారేసే తీగ ఊడదీసి పాదాల నుంచి మెడ దాకా చుట్టేసి నూతి పక్కన నిలబెట్టారు. కరెంటు కోసం వెళ్తే కరెంటు లేదు, పొద్దున్నే పోయింది. భూషణం చేసుకున్న పుణ్యం.

"కరెంటు లేకపోతే ఏం?" అంది మంగాయమ్మ కొంగు బిగించి. "తిరగడం ముఖ్యం కదా. మనమే తిరుగుదాం. ఆగితే బలం పోతుంది, ఎవరూ ఆగొద్దు."

చుట్టాలంతా భూషణం చుట్టూ తిరగడం మొదలెట్టారు. మేళగాళ్ళు వాయిస్తూ తిరిగారు. మంగాయమ్మ అందరికంటే ముందు, చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని, ఆయాసపడుతూ, "నా చిన్నకోడలు, నా చిన్నకోడలు," అనుకుంటూ తిరిగింది. ఎండ నెత్తి మీదకొస్తోంది.

"ఏమన్నా లాగుతున్నట్టుందా?" అని అరిచాడు తాతారావు.

"ఒళ్ళంతా లాగుతోంది నాన్నా. తీగ బిగిసిపోయింది," అన్నాడు భూషణం.

ఆ సందడిలోనే ట్రాక్టరు వచ్చి ఆగింది. ముహూర్తం దాటిపోతుందని పెళ్ళికూతుర్నీ పంతులుగార్నీ ఎక్కించుకుని వీరాస్వామి గారే వచ్చేశారు, వెనకాల సత్తిపండు. మంగాయమ్మ కాళ్ళు ఆగిపోయాయి. ఇది చూసిన మనిషి పిల్లనిస్తాడా?

వీరాస్వామి గారు తీగ చుట్టిన భూషణాన్ని చూశారు, తిరిగే జనాన్ని చూశారు. గొంతు సవరించుకున్నారు.

"వదినగారూ, మేమూ ఇటునుంచే తిరగాలా, అటునుంచా?"

మంగాయమ్మకి ప్రాణం లేచొచ్చింది. తన ఇంటికి తగిన వియ్యంకుడే దొరికాడు.

సత్తిపండు పగిలిన ముక్కల్లో ఒకదానికి తాడు కట్టి, గిలకకి దూరంగా పట్టుకుని నూతిలోకి దింపాడు. పైకి లాగితే తాళంచెవి వేలాడుతూ వచ్చింది.

"ముక్కైతే బలం చచ్చిపోదా బాబూ?" అంది మంగాయమ్మ.

"పోదండి. ఏ ముక్కకి ఆ ముక్కే సూదంటురాయి. ఇదిగో చూడండి, ఈ మొహాన్ని ఆ మొహానికి ఎదురు పెడితే నెట్టేసుకుంటాయి. ఒకదాన్ని వెనక్కి తిప్పితే వదలకుండా అతుక్కుంటాయి."

మంగాయమ్మ కళ్ళార్పకుండా చూసింది. ఇంత ముఖ్యమైన సంగతి ఇన్నాళ్ళూ తనకెవరూ చెప్పలేదు.

తలుపు తెరిచి అబ్బుల్ని పందిట్లోకి తెచ్చారు. సుభద్రని పందిరి రాటకి ఆనుకునేలా పీట మీద కూర్చోబెట్టారు. పంతులుగారు అబ్బుల్ని ఎదురుగా కూర్చోమన్నారు.

"ఆగండి పంతులుగారూ," అంది మంగాయమ్మ. "మొహమూ మొహమూ ఎదురైతే నెట్టేసుకుంటారు. వాళ్ళు కలకాలం అతుక్కుని ఉండాలి. అబ్బులూ, వెనక్కి తిరుగు."

వాదించడానికి టైము లేదు, ముహూర్తం వచ్చేసింది. అబ్బులు పెళ్ళికూతురికి వీపు పెట్టి కూర్చుని, చేతులు వెనక్కి చాపి, తడుముకుంటూ మూడు ముళ్ళూ గట్టిగా వేశాడు. అక్షింతలు పడ్డాయి, మేళం మోగింది. మంగాయమ్మ ఆనందంతో ఏడ్చింది.

"లేమ్మా సుభద్రా, లోపలికెళ్దాం," అంది.

సుభద్ర లేవబోయి మళ్ళీ కూర్చుంది. "అత్తయ్యా, లేవట్లేదు."

చూస్తే పసుపుతాడు పిల్ల మెడ చుట్టూ, రాట చుట్టూ కలిపి పడింది.

విప్పుదామన్నాడు సత్తిపండు. ఇరువైపులవాళ్ళూ ఒక్కటై అతని మీద విరుచుకుపడ్డారు, పడిన ముళ్ళు విప్పడమేమిటని. ఇంకేముంది, వీరాస్వామి గారు గునపం తెచ్చారు, తాతారావు పార తెచ్చాడు, రాటనే పెకిలించారు. పందిరి కూలి అందరి నెత్తినా పడింది. ఆకుల కింద నుంచి పాక్కుంటూ వచ్చి, నలుగురు రాటని నిలువునా మోస్తుంటే సుభద్ర దాంతోపాటే నడిచి, వెనకాల అబ్బులు రాగా గుమ్మం దగ్గరకొచ్చింది.

మంగాయమ్మ తలలో ఆకులు దులుపుకుని, పళ్ళెంలో హారతి వెలిగించి, నిండు మనసుతో పిలిచింది.

"రండమ్మా, ఇద్దరూ కుడికాలు ముందు పెట్టి లోపలికి రండి."

సుభద్ర కుడికాలు ఎత్తింది. మోస్తున్న నలుగురూ రాట అడుగుకేసి చూసి ఆగిపోయారు.

"వదినగారూ," అన్నారు వీరాస్వామి గారు చాలాసేపు ఆలోచించి, "దీనికున్నది ఒకటే కాలు. అది కుడిదా, ఎడమదా?"