నేలసాలీడు వాకిలికి మూత

ఒకప్పుడు, ఎండకు బండలు పగిలే సీమలో, నేలసాలీడు ఇంటికి తలుపే ఉండేది కాదు. మా ఇంటి గడియ వేయడం నాకే ఇప్పటికీ సరిగ్గా రాదు, కాబట్టి దాన్ని తప్పుపట్టే మొహం నాకు లేదు.

సాలీడు నేలలోకి నిలువునా బొరియ తవ్వుకుంది. గోడలకు తన దారంతో పట్టుబట్టలా అల్లుకుంది. బయట మట్టి కాలుతున్నా లోపల కొత్త కుండలో నీళ్ళంత చల్లన. ఆ చల్లదనంలోనే దాని గుడ్ల సంచి ఉండేది.

ఆ సంగతి తొండకు తెలిసింది. ఒక మధ్యాహ్నం వచ్చి, కాసేపు కూర్చుని పోతానంది. మరునాడు జెర్రిని వెంటబెట్టుకొచ్చింది. ఆ తర్వాత తేలు, ఎవరూ పిలవకుండానే వచ్చి, తోక సర్దుకుని పడుకుంది.

వాకిలి బార్లా తెరిచి ఉంటే వడగాలి మాత్రం ఊరుకుంటుందా? అదీ చుట్టంలాగే లోపలికొచ్చింది. గుడ్లు ఎండిపోసాగాయి. కాస్త జరగమని సాలీడు బతిమాలింది. తొండ జరగలేదు సరికదా, ఇల్లు ఇరుకని సణిగింది. ఇంటికొచ్చినవాళ్ళ మొహాన తలుపు వేయకూడదని ఆ సీమలో పెద్దల మాట. తొండ దాన్ని రోజూ గుర్తుచేసేది.

ఒకరోజు తొండ, కాళ్ళు చాపుకోవడానికి చోటు చాలలేదని, గుడ్ల సంచిని తోకతో పైకి, ఎండలోకి నెట్టేసింది.

సాలీడుకి ఒళ్ళు మండిపోయింది. పరుగున పోయి సంచిని కరుచుకొచ్చింది.

"తమ్ముడూ, ఈ ఇల్లు తవ్వి తవ్వి నా కోరలు అరిగినాయి. నా పిల్లలు బయట, నువ్వు లోపలా?"

"ఏందక్కా, ఒక మూట కోసం ఇంత రాద్ధాంతం?" అంది తొండ ఆవులిస్తూ.

మూటంట!

మర్నాడు పొద్దున్నే చుట్టాలు చీమల వేటకు పోయారు. సాలీడు మట్టినీ దారాన్నీ కలిపి గుండ్రటి మూత చేసింది. ఒక పక్క దారంతోనే మడతబందు కట్టింది. పైన చుట్టుపక్కల ఉన్న మట్టే, ఎండుగడ్డే అతికించింది.

మధ్యాహ్నం ముగ్గురూ వచ్చారు. వాకిలి లేదు. తొండ సరిగ్గా ఆ మూత మీదే నిలబడి, తల పైకీ కిందికీ ఆడిస్తూ వెతికింది. కాళ్ళు చుర్రుమంటున్నాయి.

"అక్కా, వాకిలి ఏమైంది?"

సాలీడు మూతను లోపలినుంచి లాగిపట్టుకునే జవాబు చెప్పింది. "నీ మొహాన తలుపేసినానా తమ్ముడూ? లేదు కదా. కనబడితే రా."

ఎండకు తాళలేక ముగ్గురూ తలో బండ కిందికి పరుగెత్తారు. లోపల గుడ్లు చల్లగా పిల్లలయ్యాయి.

అప్పటినుంచే నేలసాలీడు ఇంటికి మూత. పైనుంచి చూస్తే ఉత్త నేలే. పుల్లతో ఎత్తబోతే లోపలినుంచి గట్టిగా లాగిపట్టుకుంటుంది. భయపడి అనుకునేరు. దాని కోపం ఇంకా తగ్గలేదు.