బాతుల్ని పెంచిన ఎర్రపెట్ట

దానయ్యతో వేగలేక గవరయ్యగారి ప్రాణం విసిగిపోయింది. ఒకరోజా, రెండ్రోజులా! మూణ్ణెల్లపాటు రోజూ పొద్దున్నే కాలవగట్టున కూర్చోబెట్టి "కళ్లు మూసుకో, కదలకు" అని ఈయన చెప్పడం, ఆ మనిషి కళ్లు తెరవడం. పున్నానికి ఇంకా పదకొండు రోజులే ఉన్నాయి.

ఈ సంగతంతా గవరయ్యగారే నాకు చెప్పారు, తనమీద తనే నవ్వుకుంటూ. కాబట్టి పెద్దాయన్ని నేనేదో ఆడిపోసుకుంటున్నానని ఎవరూ అనుకోకండి.

ఆయన నేతపని మనిషి. ఊరి చివర పాకలో ఉండే సోమాలమ్మగారి దగ్గర ఇరవయ్యేళ్లు తత్వాలు పాడుకుని ఆవిడకి పెద్ద శిష్యుడయ్యారు. ఆవిడకి డెబ్బై దాటాయి. నాలుగు కోళ్లు, ఒక తంబూరా, బోలెడంతమంది బిడ్డల్లాంటి శిష్యులు. కొత్తగా వచ్చినవాళ్లకి మొదటి పాఠం గవరయ్యగారే చెప్పేవారు. ఆ పాఠం ఒకటే. పొద్దున్నే గంటసేపు కళ్లు మూసుకుని, ఊపిరి వింటూ, కదలకుండా కూర్చోవాలి. అది కుదిరినవాళ్లకే పున్నంనాడు అమ్మ ఉపదేశం ఇచ్చేది.

అంతకుముందు ముగ్గురికి ఆయన ఈ పాఠం చెప్పారు. ముగ్గురూ వారం తిరక్కుండా బొమ్మల్లా కూర్చున్నారు. దాంతో ఈయనకి కాస్త తలకెక్కింది. "నా చెయ్యి పడితే రుబ్బురోలు కూడా ధ్యానం చేస్తుంది" అని ఊళ్లో అన్నారట కూడా.

అప్పుడొచ్చాడు దానయ్య.

దానయ్య బాతులు మేపేవాడు. కోతలయ్యాక చేలల్లో రాలిన గింజలకి మందని తోలుకుంటూ ఊరూరూ తిరగడం వాళ్ల తాతలనాటి పని. కిందటేడు భార్య పోయింది. ఆ తర్వాత ఇంట్లో కూర్చుంటే గోడలు మీదికొచ్చేవట. ఒకరోజు కాలవ అవతలనించి అమ్మ పాట విని, బాతుల్ని అక్కడే వదిలేసి, మొలలోతు నీళ్లలో ఈవలికి వచ్చేశాడు. "ఈ పాట వింటే కాస్త ఊపిరాడతందండి. నాకూ నేర్పండి" అని గుమ్మంలో నుంచున్నాడు, పంచె పిండుకుంటూ.

మనిషి మంచివాడే. గొంతూ బాగుంటుంది. కానీ కూర్చోమంటే మాత్రం ఒళ్లంతా చీమలు పాకినట్టే. కాలవలో చేప ఎగిరితే ఒక కన్ను తెరుస్తాడు. చెట్టుమీద కాకి అరిస్తే రెండోది తెరుస్తాడు. ఆ రోజైతే మరీ అన్యాయం. నలుగురూ కళ్లు మూసుకుని ఉన్నారు, గట్టంతా నిశ్శబ్దంగా ఉంది. ఉన్నట్టుండి దానయ్య లేచి నుంచుని, చేతులూపుతూ "హోయ్! హోయ్! హోయ్!" అని కేకేశాడు.

పక్కనున్న పాత శిష్యులు ముగ్గురూ ఉలిక్కిపడి లేచారు. ఒకతను వెనక్కి దొర్లి తుమ్మకంపలో పడ్డాడు.

"ఏవైందిరా నీకు?" అన్నారు గవరయ్యగారు, గుండె పట్టుకుని.

"గద్దండి" అన్నాడు దానయ్య తల దించుకుని. "నీడ పడ్డాదండి."

"ఇక్కడ బాతులెక్కడున్నాయిరా!"

"లేవండి. అయినా నోరు ఆగలేదండి."

గవరయ్యగారు కండువా దులుపుకుని తిన్నగా అమ్మ పాకకి నడిచారు. ఆవిడ వాకిట్లో కూర్చుని నూకలు చెరుగుతోంది.

"అమ్మా, ఇక నావల్ల కాదు. పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గాని పోదంటారు. వాడి తాత బాతులే, తండ్రి బాతులే, వీడి బుర్రలోనూ బాతులే. పున్నానికి వాడికి ఉపదేశం వద్దు. పంపించేద్దాం."

ఆవిడ చేట ఆపలేదు. "పంపించేద్దువుగానిలే" అంది. "ముందు నాదో పని చేసిపెట్టు. మోకాళ్లు పట్టేశాయి నాకు. రేపు పొద్దున్న ఆ ఎర్రపెట్టనీ పిల్లల్నీ నువ్వు మేపుకురా. అది ఎటు పోతే అటు పో, దాన్నేం అనకు."

గవరయ్యగారికి ఒళ్లు మండింది. తానేం అడిగితే ఈవిడేం చెబుతోంది! కానీ అమ్మ మాట. సరేనన్నారు.

ఆ ఎర్రపెట్ట సంగతి ఊరందరికీ తెలుసు. మందలో తిరిగే బాతు గుడ్డు పెట్టి తన దారిన పోతుందే గాని పొదగదు. అందుకని దానయ్య, పాట కోసం రాకముందునించే, ఏటా మందతో ఈ ఊరొచ్చినప్పుడు మూడేళ్లుగా బాతుగుడ్లు తెచ్చి అమ్మకిచ్చేవాడు, ఆవిడ వాటిని ఎర్రపెట్ట కింద పెట్టేది. మూడేళ్లూ అది బాతుపిల్లల్నే పొదిగి పెంచింది. ఈ ఏడు మొదటిసారి అమ్మ దాని గుడ్లే దానికి పెట్టింది. తొమ్మిది పిల్లలయ్యాయి. నాలుగు రోజుల పసికూనలు.

మర్నాడు పొద్దున్న గవరయ్యగారు గంప ఎత్తారు. పెట్ట బయటికొచ్చి, ఒళ్లు విదిలించి, పిల్లల్ని వెంటేసుకుని బయల్దేరింది. పెంటకుప్ప వైపు పోలేదు. గడ్డిమేటు వైపు పోలేదు. తిన్నగా కాలవకి పోయింది.

నీళ్ల అంచున ఆగి "కొక్, కొక్" అని పిలిచింది. పిల్లలు గట్టుమీదే ఉండిపోయి కీచుకీచుమన్నాయి. పెట్ట రెండడుగులు నీళ్లలోకి దిగి, కాళ్లు తడుపుకుని, మళ్లీ పిలిచింది. ఒక్కటీ రాలేదు. అది గట్టెక్కి, పిల్లల వెనక్కి పోయి, ముక్కుతో ఒకదాన్ని ముందుకి తోసింది. ఆ పిల్ల కాలుజారి బుడుంగుమని నీళ్లలో పడింది.

గవరయ్యగారు కండువాతో సహా కాలవలోకి దూకారు. తడిసి ముద్దయిన పిల్లని దోసిట్లో పట్టుకుని పైకొచ్చేసరికి పెట్ట ఇంకోదాన్ని తోస్తోంది.

"ఓసి నీ దుంపతెగ! పిచ్చిముఖమా! అవి కోడిపిల్లలే, బాతులు కావే!" అంటూ, నవ్వూ కోపమూ కలిసొచ్చి, పెట్టని పట్టి చంకన పెట్టుకున్నారు. అది రెక్కలు కొట్టుకుంటూ, ఊళ్లో ఉన్న తిట్లన్నీ తిడుతున్నట్టే అరిచింది. పిల్లలన్నీ ఆయన కాళ్ల వెనక పరిగెత్తుకొచ్చాయి.

గడ్డిమేటు దగ్గర వాటిని వదిలారు. తడిసిన పిల్లని ఎండలో పెట్టారు. ఇక చూడండి, ఆ నాలుగు రోజుల కూనలు ఎవరూ చెప్పకుండానే కాళ్లతో గడ్డి వెనక్కి గీకడం మొదలుపెట్టాయి. గీకి, ఒకడుగు వెనక్కేసి, తల వంచి చూసి, పొడుచుకుని, మళ్లీ గీకి. పుట్టాక ఇవి పెంటకుప్ప ముఖమైనా చూడలేదు కదా అనుకున్నారు గవరయ్యగారు.

పెట్టని దింపారు. అది కాలవ వైపు నాలుగడుగులు వేసి ఆగింది. వెనక్కి తిరిగి పిల్లల్ని చూసింది. చాలాసేపే చూసింది. తర్వాత నెమ్మదిగా వచ్చి, తనూ ఓసారి గీకింది.

ఆ సమయంలో అవతలి చేలోనించి కేక వినిపించింది. "హోయ్! హోయ్!"

దానయ్యే. ఆ పూట పాఠం లేదు. ఎక్కడో కాలవకి అవతల, బాతుల వెనక నుంచుని కర్ర పైకెత్తాడు. గవరయ్యగారు ఆకాశంలోకి చూశారు. ఏమీ కనపడలేదు. ఒక్క క్షణం తర్వాత పెట్ట గొంతు మార్చి అరిచింది. తొమ్మిది పిల్లలూ దాని రెక్కల కిందకి మాయమైపోయాయి. అప్పుడు గడ్డిమేటు మీదనించి గద్ద నీడ జారుకుంటూ పోయింది.

ఇరవయ్యేళ్లుగా ఆ గట్టునే కూర్చుంటున్నారు గవరయ్యగారు. గద్ద ఎటునించి వస్తుందో ఆయనకి తెలీదు.

పెట్టనీ పిల్లల్నీ గంప కింద పెట్టి, తడిబట్టలతోనే అమ్మ ముందుకొచ్చి కూర్చున్నారు. కాలవ దగ్గర జరిగిందంతా చెబుతుంటే ఆయనకే నవ్వాగలేదు.

"మూడేళ్లు బాతులతో తిరిగి దానికి మతి పోయిందమ్మా."

"మతి పోవడమేంటిరా" అంది సోమాలమ్మగారు. "మొదటేడు నువ్వు చూడలేదు. పిల్లలు నీళ్లలోకి దిగిపోతే గట్టుమీద గుండెలు బాదుకుంది పాపం. రెండో ఏడు ఊరికే నుంచుని చూసింది. మూడో ఏడు తనే వెంటబెట్టుకుని తీసుకెళ్లింది. తెలివైన పెట్ట. నేర్చుకుంది."

ఆవిడ చేటలో నూకలు ఓసారి ఎగరేసి, మళ్లీ అడిగింది.

"అవునుగాని, నువ్వు కూర్చోబెట్టావు చూడు, ఆ ముగ్గురూ ఏం పని చేస్తారురా?"

"మగ్గం నేస్తారమ్మా. చిన్నప్పణ్ణించీ మగ్గం గుంటలో కాళ్లు పెట్టుకుని, పొద్దున కూర్చుంటే పొద్దుపోయేదాకా..."

గవరయ్యగారు తన కాళ్లవైపు చూసుకున్నారు. అవీ గుంటలో పెరిగిన కాళ్లే.

అమ్మ నూకలు గుప్పెడు తీసి ఆయన చేతిలో పోసింది. "పిల్లలకి వెయ్యి" అంది, అంతే.

మర్నాడు దానయ్య గట్టుకి రాగానే బుద్ధిమంతుడిలా కళ్లు మూసుకుని కూర్చోబోయాడు. గవరయ్యగారు చెయ్యి పట్టుకుని లేపారు.

"లే. బాతులెక్కడున్నాయి?"

"అవతలుండాయండి." దానయ్య ముఖం పాలిపోయింది. "పొమ్మంటన్నారాండి నన్ను?"

"పొమ్మనడం లేదు. పద, నేనూ వస్తాను."

మొలలోతు నీళ్లలో ఇద్దరూ అవతలికి దాటారు. బాతులు ముందు, దానయ్య వాటి వెనక, దానయ్య వెనక గవరయ్యగారు. బురదలో నడిచి అలవాటు లేదు కదా, పది అడుగులకోసారి జారేవారు. దానయ్య చూపు మందమీదనించి గట్టుకి, గట్టుమీదనించి ఆకాశానికి, మళ్లీ మందమీదకి, తొందర లేకుండా, ఆగకుండా తిరుగుతూ ఉంది. గంటసేపు ఒక్క మాట లేదు. ఈయనకేమో ఇరవై అడుగులు వేసేసరికి ఇంట్లో మగ్గం మీద తెగిన పడుగు గుర్తొచ్చింది, నలభై అడుగులకి పెద్దకోడలితో తగువు గుర్తొచ్చింది.

"దానయ్యా, ఇలా నడుస్తున్నప్పుడు నీ మనసులో ఏముంటుందిరా?"

దానయ్య పక్కకి పోతున్న ఒక బాతుని కర్రతో మందలోకి మళ్లించాడు. "ఏవీ ఉండదండి. బాతులుంటాయి. గాలుంటాది. మా ఆవిడ కూడా గుర్తురాదండి అప్పుడు." గొంతు తగ్గించాడు. "అది తప్పాండి?"

గవరయ్యగారికి మూణ్ణెల్లు ఈ మనిషిని గట్టుమీద కూర్చోబెట్టి, ఆ దుఃఖంతో కళ్లు మూయించి కట్టేశానే అని ఏడుపొచ్చింది. ఏడ్చేశారు కూడా, బురదలో నుంచుని.

"తప్పు కాదురా" అన్నారు. "నడువు. నే పడిపోతే చూడు."

మిగిలిన రోజులన్నీ అలాగే నడిచారు. ఒకటి రెండు సార్లు పడ్డారు కూడా.

పున్నంనాడు పొద్దున్న కాలవగట్టు మీద చాప పరిచారు. ఆ ముగ్గురు నేతగాళ్లూ స్నానాలు చేసి వచ్చి నుంచున్నారు. సోమాలమ్మగారు వచ్చి కూర్చుంది. అవతలి చేలో బాతుల్ని చూసేందుకు ఎవరూ లేరు. దానయ్య కొత్తపంచె కట్టుకుని, కర్ర మాత్రం ఒదల్లేక చేత్తో పట్టుకుని వచ్చాడు.

"ఏరా గవరయ్యా, వీడు కూర్చున్నాడా?" అనడిగింది అమ్మ.

"లేదమ్మా. నేనే నడిచాను."

ఆవిడ ఆయన కాళ్లకేసి చూసింది. మోకాళ్లదాకా బురద చారలు, పాదాలకి రెండు గాట్లు. "ఊఁ" అంది. దానయ్యని తన ఎదురుగా కూర్చోమంది.

ఆ ఇంటి పద్ధతి ఏమిటంటే, ఉపదేశం ఇచ్చేటప్పుడు గురువుకీ శిష్యుడికీ కలిపి నెత్తిమీదనించి ఒక తెల్లదుప్పటి కప్పుతారు. లోపల చీకటిలో చెవిలో చెబుతుంది ఆవిడ. బయటి లోకం కనపడకూడదు. నలభై ఏళ్లుగా అదే పద్ధతి. ఆ దుప్పటి నేసింది గవరయ్యగారే, కప్పింది కూడా గవరయ్యగారే.

కప్పీ కప్పగానే అవతల బాతులు ఒక్కసారి కలకలమన్నాయి. దుప్పటి కింద దానయ్య వీపు కర్రలా బిగుసుకుపోవడం అందరికీ కనపడింది. పాపం, లేవలేదు. "హోయ్" అనలేదు. ఊపిరి బిగబట్టుకుని కూర్చున్నాడు.

గవరయ్యగారు చాపమీదకి వంగి, కాలవ వైపున్న దుప్పటి అంచు జానెడు పైకెత్తి పట్టుకున్నారు.

ముగ్గురు నేతగాళ్లూ ఒకరి ముఖాలు ఒకరు చూసుకున్నారు. దానయ్య వీపు మెల్లగా సడలింది. లోపల అమ్మ చెప్పబోతున్నది ఆగింది.

దుప్పటిలోంచి ఆవిడ గొంతు వినిపించింది.

"ఇంకాస్త ఎత్తరా గవరయ్యా. వాడికి ఆకాశం కూడా కనపడాలి."