వ్యాజ్యంలో పడ్డ మామిడితోట

తీర్పు నీకు కలిసొస్తే న్యాయమంటావు. కలిసిరాకపోతే మళ్ళీ విచారించమని గుమ్మం పట్టుకుని వేళ్ళాడతావు. ఆ బుద్ధి నీలో ఉంటే ముందు సిగ్గుపడు, తరవాత ఈ కథ విను.

చింతగట్టు కోటను ఏలే అనంతభూపతికి ఒక గొప్ప ఉండేది. తన కొలువులో ఎవరు మొరపెట్టినా, ఎన్నిసార్లు పెట్టినా, కాదనకుండా మొదటినుంచీ విచారిస్తాడని. అదే ధర్మమనుకునేవాడు.

ఆ ధర్మాన్ని పాడావును పిండినట్టు పిండుకున్నవాడు సూరపరాజు. పక్కనున్న సింగమ్మ చేను మీద అతని కన్ను. అది తనదేనని వ్యాజ్యం వేసి ఓడాడు. మరుసటేడు హద్దురాయి జరిగిందని వేసి ఓడాడు. ఆ పై ఏడాది తన తాతకి ఇచ్చిన మాట ఉందన్నాడు, మళ్ళీ ఓడాడు. అసలు గెలవడం అతనికి అక్కర్లేదు. వ్యాజ్యం తేలేదాకా ఆ భూమిలో ఎవరూ చెయ్యి పెట్టకూడదని కోట కట్టడి. సూరపరాజు సరిగ్గా ఏరువాక ముందు మొరపెట్టేవాడు. విచారణ దసరాకి. ఈలోగా విత్తే అదను దాటిపోయేది. మూడేళ్ళుగా చేను బీడు. ఇంకొక్క ఏడాదైతే సింగమ్మే అయినకాడికి అమ్ముకుని పోతుందని అతని ఎత్తు.

రాజుగారికి తమలపాకులు చుట్టి అందించే గవరయ్య ఇదంతా చూస్తూనే ఉన్నాడు. నాలుగో ఏడు తొలకరి పడింది. సింగమ్మ జొన్న విత్తనాల మూటతో కోట గుమ్మంలో కూర్చుంది.

"ఈసారీ చల్లకపోతే ఈ విత్తనాలే దంచుకు తినాలయ్యా. ఆ తరవాత చేను నాదైతేనేం, ఆయనదైతేనేం?" అంది.

గవరయ్యకి ఆ మాట ముల్లులా దిగింది. ఆ సాయంత్రమే వెళ్ళి కొండలరాయుణ్ణి కలిశాడు. అతను సూరపరాజుకి దాయాది. తొమ్మిదేళ్ళ కిందట ఇదే కొలువులో మామిడితోట వ్యాజ్యం సూరపరాజుతో ఓడినవాడు. ఓడాను, ఊరుకున్నాను, ఇప్పుడెందుకని అతను నసిగాడు. నోరు మెదపక్కర్లేదు, వచ్చి నిలబడితే చాలన్నాడు గవరయ్య.

మర్నాడు సూరపరాజు చేతి బంగారు మురుగులు సవరించుకుంటూ వచ్చి, సింగమ్మ చేను మీద నాలుగోసారి మొరపెట్టాడు. రాజు మామూలుగానే తల ఊపాడు.

గవరయ్య చుట్టిన తమలపాకు చిలక అందిస్తూ అన్నాడు. "ప్రభూ, కొండలరాయుడు కూడా వచ్చాడు. మామిడితోట సంగతి మొదటినుంచీ విచారిస్తే బాగుంటుంది."

"దానికేం, విచారిద్దాం. దసరాకి."

"చిత్తం. అందాకా కట్టడి ప్రకారం తోటలో ఎవరూ కాయ కొయ్యకూడదు."

సూరపరాజు గబుక్కున ముందుకొచ్చాడు. తోటలో రసాలు కోతకొచ్చి కొమ్మలు వంగి ఉన్నాయి.

"దసరా దాకానా? అది తొమ్మిదేళ్ళ కింద తేలిపోయిన వ్యవహారం ప్రభూ. తీర్పయిన భూమిని ఇలా మళ్ళీ కెలుకుతుంటే సాగు చేసుకునేవాడు ఎలా బతుకుతాడు?"

గవరయ్య కొలువులో ఓ పక్కన నిలబడ్డ సింగమ్మ వైపు తిరిగాడు.

"విన్నావా అమ్మా? నీ తరఫు వాదన ఆయనే పూర్తి చేశారు. నువ్విక ఇంటికెళ్ళి విత్తనాలు చల్లుకో."

కొలువంతా గొల్లున నవ్వింది. రాజు నవ్వాడు గానీ, మూడేళ్ళు తన గొప్పే ఒక ఆడమనిషి పొట్టకొట్టిందని తెలిసి తల దించుకున్నాడు. తీర్పయిన భూమి మీద మళ్ళీ మొర వినేది లేదని అప్పటికప్పుడు చాటింపు వేయించాడు. తన జరీ కండువా తీసి గవరయ్య భుజాన కప్పాడు.

సూరపరాజుకి శిక్ష కూడా పడింది. మూడేళ్ళ బీడుకి మూడు దుక్కులు, సొంత ఎద్దులతో, సొంత చేతులతో దున్నాలి. అవి పూర్తయ్యేదాకా తోటలో అతనుగానీ అతని మనుషులుగానీ అడుగుపెట్టరాదు.

మేడిపట్టు తెలియని చేతులు. మూడు దుక్కులకీ తొమ్మిది రోజులు పట్టింది. ఊరు ఊరంతా గట్టు మీద నిలబడి చూసింది. ఏడోనాడు ఈదురుగాలి లేచింది. పదోనాడు అతను బొబ్బలెక్కిన చేతులతో తోటకి వెళ్ళేసరికి చెట్టున ఒక్క కాయ లేదు. అన్నీ నేలరాలి, ఈగలు ముసిరి ఉన్నాయి.